చేప గుర్తు

కొర్నేలి గుర్తు చేప. చిటికెన వేలి గోరంత చేప. తోక, కన్ను, పొట్ట మీద ఒక గీత, అంతే. ఉక్కు పంచ్ కొసన చెక్కిన ఆ చేపని ప్లేటు మూల మీద నిలబెట్టి సుత్తితో ఒక్క దెబ్బ వేస్తే, ఈ నంబరు సరైనదే, దీన్ని కళ్లతో చూసినవాడు కొర్నేలి అని అర్థం. భిలాయి హాత్‌ఖోజ్‌లో అతను పనిచేసే షెడ్డులో ముగ్గురు మార్కర్లు. ఒకడి గుర్తు త్రిశూలం, ఇంకొకడిది నక్షత్రం. చేప ఎందుకని పాస్టరుగారు ఒకసారి అడిగి, ఆదిమ సంఘంలో విశ్వాసులకి అదే గుర్తు కదా అని తనే జవాబు చెప్పుకుని మురిసిపోయాడు. కొర్నేలి కాదనలేదు. నిజానికి అతని మనసులో ఉన్నది భీమిలి ఒడ్డున తండ్రి వలలో పడే కోనాం చేప. పాస్టరుగారి సంతోషాన్ని పాడు చేయడం ఎందుకని ఊరుకున్నాడు.

ఉక్కు కర్మాగారం నుంచి దళసరి ప్లేట్లు ఆ షెడ్డుకి వస్తాయి. వాటిని కొలిమిలో కాల్చి, ప్రెస్సు కింద వంచి, నౌకాదళం ఓడలకీ జలాంతర్గాములకీ కావలసిన వంపులు తీసి విశాఖపట్నం పంపుతారు. ఛత్తీస్‌గఢ్ వేరే రాష్ట్రమై నాలుగేళ్లు దాటింది. షెడ్డు ముందు బోర్డు మీద మధ్యప్రదేశ్ అన్న మాట చెరిపి కొత్త పేరు రాయించారు గాని, ఎండ ఏటవాలుగా పడితే పాత పేరు ఇంకా కింద నుంచి కనబడుతూనే ఉంటుంది. సముద్రానికి ఇంత దూరంలో, కొలను కూడా లేని ఎర్రమట్టి మైదానంలో ఓడ ముక్కలు తయారవుతాయంటే కొత్తవాళ్లు నమ్మరు. కొర్నేలి ఇరవయ్యారేళ్లుగా ఆ పనిలోనే ఉన్నాడు. తన చేప ఉన్న ఓడని ఒక్కదాన్ని కూడా కళ్లారా చూడలేదు. చూసినా ఏం లాభం, రంగు పూసేస్తే చేప కనబడదు. అయినా అది అక్కడ ఉంటుంది. అతనికి కావలసింది అదే. చిన్నప్పుడు తండ్రి పడవలో నీళ్లు తోడినవాడు కనుక, చెక్కకీ మనిషికీ మధ్య ఉండవలసిన నమ్మకం ఎంతటిదో అతనికి ఒకరు చెప్పనక్కర్లేదు.

ఆ పనిలో ఒక్కటే కట్టుబాటు. నంబరు ముందు, మంట తరువాత. కాల్చి వంచిన ప్రతి ప్లేటు నుంచి ఒక చిన్న పట్టీ కోసి పరీక్షకి పంపాలి. కోయబోయే పట్టీ మీద ప్లేటు నంబరు ముందే కొట్టి, పక్కన మార్కరు తన గుర్తు వేయాలి. ఆ తరువాతే గ్యాస్ కట్టర్ మంట పెట్టాలి. పరీక్షలో ఆ ముక్కని మంచుకన్నా చల్లగా చేసి సుత్తి విసురుతారు. మంచి ఉక్కు వంగి, సాగి, చిరుగుతుంది. చెడ్డది గాజులా పుటుక్కుమంటుంది. ముక్కకి ఏ గతి పడితే ప్లేటుకీ అదే గతి.

ఆ ఏడు విశ్వకర్మ పూజ నాడు ఆ కట్టుబాటు తప్పింది.

పూజ నాడు షెడ్డులో పనిముట్లన్నీ కడిగి, కుంకం బొట్లు పెట్టి, బంతిపూలు వేసి దేవుడి పటం ముందు పేరుస్తారు. మర్నాడు పొద్దున దాకా ఎవరూ వాటిని ముట్టరు. కొర్నేలి చేప పంచ్ కూడా అక్కడే ఉంది. అప్పుడు షెడ్డు యజమాని సేఠ్ పరుగెత్తుకొచ్చి, పరీక్ష బండి రేపు పొద్దున్నే వస్తోందట, నలభై ఒకటి, నలభై రెండు ప్లేట్ల పట్టీలు ఇవాళే కోయాలని తొందరపెట్టాడు. గ్యాస్ కట్టర్‌తో కోసే శంకరరావు శ్రీకాకుళం వైపువాడు. పటానికి దండం పెట్టుకుని, తన కట్టర్ తీసుకుని, వెనక్కి తిరిగాడు.

"ఇస్వకర్మకి పనంటే కోపమేటి బావా? దండమెట్టుకుని నీదీ తీసెయ్."

కొర్నేలి నాలుగడుగులు వేశాడు. కుంకం బొట్టు పెట్టుకుని పూల మధ్య ఉన్న పంచ్ అతనికి చేయి చాపితే అందేంత దూరంలోనే ఉంది. చేయి చాపలేకపోయాడు. శంకరరావు తీస్తే భక్తుడు పనికోసం తీసినట్టు. తను తీస్తే? క్రైస్తవుడు కదా, దేవుడి ముందు వస్తువుని లక్ష్యపెట్టకుండా లాక్కున్నాడని ఎవరైనా అనుకుంటే? ఇన్నేళ్లుగా వాళ్ల ప్రసాదం వాళ్ల పక్కన కూర్చుని తిన్నాడు, ఒక్కరి చేత ఒక్క మాట పడలేదు. ఆ మర్యాద ఇవాళ ఎందుకు పోగొట్టుకోవాలి అనుకున్నాడు.

"సుద్దతో నంబరు రాసి కోసెయ్యి శంకరం. రేపు పొద్దున పంచ్ కొట్టేత్తాను," అన్నాడు.

శంకరరావు సుద్దతో రాసి, రెండు పట్టీలూ కోసి, ప్లేట్ల మధ్య నేల మీద పెట్టాడు. అక్కడి నుంచే కేకేశాడు. "ఎడం పక్కది నలభై ఒకటి, కుడిది నలభై రెండు బావా!" ఆ వేళ కొర్నేలి దొన్నెలో బూందీ పట్టుకుని అటు తిరిగి ఉన్నాడు. సరేనని చేయి ఊపాడు.

రాత్రి జల్లు కొట్టింది. రేకుల సందులోంచి నీళ్లు కారి సుద్ద కొట్టుకుపోయింది. పొద్దున వచ్చేసరికి బయట బండివాడు హారన్ మోగిస్తున్నాడు. శంకరరావు సెలవు పెట్టి పక్కనున్న ఉతై ఊళ్లో అత్తవారింటికి వెళ్లాడు. కొర్నేలి ఎప్పుడూ నిలబడే కొలిమి పక్కనే నిలబడి, ఎడమ చేతి వైపు పట్టీకి నలభై ఒకటి, కుడి చేతి వైపు దానికి నలభై రెండు కొట్టి, రెంటి పక్కనా చేప వేశాడు. మళ్లీ చూసుకోలేదు. ఇరవయ్యారేళ్ల అనుభవం ఉన్నవాడికి ఉండే తెగులే అది, అనుమానం రాదు.

వారం తరువాత కాగితం వచ్చింది. నలభై ఒకటి పోయింది, నలభై రెండు నిలిచింది. నలభై ఒకటో ప్లేటు మీద ఎర్ర రంగు పూసి గోడ వారకి నెట్టారు. నలభై రెండుని మిగతా సరుకుతో పాటు ట్రెయిలర్ ఎక్కించారు. మర్నాడు పది గంటలకి బయలుదేరాలి.

ఆ సాయంత్రం గేటు దగ్గర టీ తాగుతూ శంకరరావు తన నడుంనొప్పి పురాణం ఎత్తాడు.

"పూజ దినాన్నే పట్టేసింది బావా. సిలిండర్లన్నిటికీ దండలేసి దేముడి కాడ నిలబెట్టేసినారు. గుమ్మం కాడ ఒక్కటే మిగిలింది, దాని పైపు చూత్తే పొట్టి. రోజూ కొలిమి కాణ్నుంచి కోసేవోణ్ని, ఆ దినం గుమ్మం ఏపు వంగుని కోసాను. ఇదిగో, ఇప్పటికీ తిన్నగా అవనేదు."

కొర్నేలి చేతిలో గ్లాసు నోటి దాకా వెళ్లి ఆగిపోయింది.

"గుమ్మం ఏపు నిలబడి కోసావా? మరి ఎడం పక్కదన్నావు కదా, ఎవులి ఎడం?"

"నా ఎడమే. నీ ఎడం నాకెలాగ తెలుత్తాది?" అని నవ్వబోయి శంకరరావు కొర్నేలి ముఖం చూశాడు. నవ్వు సగంలో చచ్చిపోయింది. అతనూ పనివాడే, చెప్పనక్కర్లేకుండానే అర్థమైంది. కొలిమి దగ్గర నిలబడ్డవాడి ఎడమ, గుమ్మం దగ్గర నిలబడ్డవాడికి కుడి. పట్టీలు తారుమారయ్యాయి. ట్రెయిలర్ ఎక్కింది మంచి ప్లేటు కాదు.

శంకరరావు అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. "ఇదిగో బావా, ఒళ్లు దగ్గరెట్టుకుని ఇను. కాయితం వచ్చేసింది, సరుకు బండెక్కేసింది. ఇప్పుడు నోరు తెరిత్తే నీ ఒక్కడి కొంపే కాదు, నాదీ అంటుకుంటాది. నంబరు నేకుండా కోసినోణ్ని నాను. నాకు ఇద్దరు సదువుకుంటన్నారు. ఆళ్లు అక్కడ మళ్లీ సూసుకోరా ఏటి?"

అక్కడ చూడరు. చేప ఉంటే చూడరు. చేప ఉన్నది అందుకే. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు.

మరోదా పేటలో ఇంటికి వెళ్లేసరికి భార్య వెరోనికా ఎండు నెత్తళ్ల తలలు తుంచుతోంది. విశాఖ నుంచి ఎవరో తెచ్చిన ఎండుచేపల పొట్లం. కొర్నేలి చెప్పులు విప్పకుండానే అరుగు మీద కూర్చుని అంతా చెప్పేశాడు. దాచడం అతనికి చేతకాదు. ఆవిడ తుంచడం ఆపి విన్నది. విన్నాక చేతులు కొంగుకి తుడుచుకుంది.

"చెప్తే పంచ్ లాగేసుకుంటారే," అన్నాడు కొర్నేలి. "అదొక్కటే అయితే పోనీ. ఇన్నాళ్లూ కొట్టినవన్నీ అనుమానంలో పడిపోతాయి. చేప ఉన్న ముక్కని ఇంకెవుడూ నమ్మడు. నాను ఈ బతుక్కి సంపాయించింది అదొక్కటే కదా."

"మీకు బయం దేనికి?" అంది వెరోనికా. "పేరు పోతాదనా, మడుసులు పోతారనా? ఒకటే సెప్పండి."

కొర్నేలి తల వంచుకున్నాడు. "పేరు పోతాదనే," అన్నాడు. ఆ మాట అన్నందుకు అతనికి సిగ్గేసింది, ఏడుపొచ్చింది. కింద, నీళ్ల అడుగున, కిటికీ కూడా లేని ఆ ఇనుప గదిలో కుర్రాళ్లు ఉంటారు. వాళ్లకి చేప సంగతి తెలియదు, కొర్నేలి సంగతి తెలియదు. గోడ గట్టిదని మాత్రం తెలుసు. తండ్రి పడవలో నీళ్లు చీలమండ దాకా వచ్చినప్పుడు తను ఎలా అరిచాడో గుర్తొచ్చింది. పడవలో అయితే ఆకాశమైనా కనబడేది.

వెరోనికా నెత్తళ్ల గిన్నె లోపల పెట్టొచ్చి, పక్కన కూర్చుని, ఇద్దరికీ కలిపి ఒక ప్రార్థన చేసింది.

మర్నాడు పొద్దున తొమ్మిదింటికి ఇన్‌స్పెక్టర్ రామమోహనరావు వచ్చాడు. నౌకాదళం తరఫున విశాఖ నుంచి వచ్చి సరుకు పంపే కాగితాల మీద సంతకం పెట్టేది ఆయనే. నవ్వని మనిషి. షెడ్డులో అందరికీ ఆయనంటే హడలు. సేఠ్ మిఠాయి పళ్లెం ముందుకు తోస్తుండగా కొర్నేలి వెళ్లి ఎదురుగా నిలబడ్డాడు.

"సార్, నలభై రెండు దింపించండి. ముక్కలు తారుమారయ్యాయి. నంబరు చూడకుండా పంచ్ కొట్టాను."

సేఠ్ పళ్లెం బల్ల మీద పడేశాడు. "పాగల్ హో గయా క్యా, కొర్నేలి? గాడీ ఖడీ హై!" అంటూ, బండి బయలుదేరే వేళ పిచ్చెక్కిందా అని అరిచాడు. రామమోహనరావు అరవలేదు. కలం మూత పెట్టి, మొదటి నుంచి చెప్పమన్నాడు. కొర్నేలి చెప్పాడు. పూజ, పంచ్, సుద్ద, వాన, అన్నీ చెప్పాడు.

"నంబరు పడకుండా కోసింది ఎవరు?"

సిలిండర్ల దగ్గర శంకరరావు కదలకుండా నిలబడి ఉన్నాడు. కొర్నేలి అటు చూడలేదు.

"కొయ్యమన్నది నాను సార్."

ఇన్‌స్పెక్టర్ ఒక్క క్షణం సిలిండర్ల వైపు చూసి, ఆ ప్రశ్న మళ్లీ అడగలేదు. ట్రెయిలర్ మీంచి ప్లేటు దింపించాడు. రెండు ప్లేట్ల నుంచీ తన కళ్ల ముందు, తన సొంత పంచ్‌తో నంబరు కొట్టించి, కొత్త పట్టీలు కోయించి, తనే బండిలో పెట్టుకుని తీసుకెళ్లాడు. నాలుగో రోజున తిరిగొచ్చాడు. చేతిలో గుడ్డలో చుట్టిన రెండు విరిగిన ముక్కలు. బల్ల మీద పెట్టాడు. నలభై ఒకటి నార చీలినట్టు సాగి చిరిగింది. నలభై రెండు అద్దం పెంకులా తెగి మెరుస్తోంది.

కొర్నేలికి గుండె మీంచి బరువు దిగింది. అది ఒక్క నిమిషమే నిలిచింది.

"మూడేళ్లలో చేప గుర్తుతో మూడు వందల పదహారు ప్లేట్లు వెళ్లాయి," అన్నాడు రామమోహనరావు రిజిస్టరు మూస్తూ. "సగం ఇప్పటికే ఓడలకి బిగించేశారు. నువ్వొకసారి చూడకుండా కొట్టావని తెలిసింది. మరి వాటినేం చెయ్యమంటావు కొర్నేలీ? ఊడదీయించనా?"

కొర్నేలి భయపడ్డది దీనికే. మూడు రాత్రులు నిద్ర పట్టనిది దీనికే.

"సార్, నా మాట రుజువు కాదు. మూడొందల పదహారూ కళ్లతో సూసి కొట్టాను. సూడకుండా కొట్టింది ఈ రెండే. ఈ రెంటి సంగతి మీకు ఎవులూ సెప్పనేదు. నానే సెప్పాను." అంతకన్నా అతని దగ్గర ఏమీ లేదు.

ఇన్‌స్పెక్టర్ రిజిస్టరు సంచిలో పెట్టుకున్నాడు. "ఇంకా బిగించని ప్లేట్లు అక్కడ విశాఖ యార్డులో ఉన్నాయి. పది తీసి పరీక్ష చేయిస్తాను. అందాకా పంచ్ నా దగ్గర ఉంటుంది. నువ్వు ఇంటి దగ్గర ఉండు," అని వెళ్లిపోయాడు.

ఆ మూడు వారాలు కొర్నేలికి గడిచిన తీరు పగవాడికి కూడా వద్దు. శంకరరావు ఆ ఛాయలకి రాలేదు. బజారులో ఎదురైనా తల తిప్పుకున్నాడు. అది కోపమో సిగ్గో కొర్నేలికి తెలియలేదు. ఆదివారం ఆరాధనలో కూర్చున్నా అతనికి వాక్యం చెవికెక్కేది కాదు. పది ముక్కలు. పదిలో ఒక్కటి పుటుక్కుమంటే చాలు, ఇరవయ్యారేళ్లు పుటుక్కుమన్నట్టే. తను చూసే కొట్టానని తనకి తెలుసు. అయినా రోజులు గడిచేకొద్దీ తన మీద తనకే అనుమానం మొదలైంది. ఏ జ్వరం వచ్చిన రోజునో, ఏ పెళ్లి హడావుడిలోనో ఇంకొకటి చూడకుండా కొట్టలేదు కదా? ఒక్కొక్క నంబరే గుర్తు తెచ్చుకోవాలని చూసి, తెచ్చుకోలేక, పిచ్చివాడిలా గోడకేసి చూస్తూ కూర్చునేవాడు. వెరోనికా అన్నం కలిపి చేతికిస్తే తినేవాడు.

ఇరవై రెండో రోజున షెడ్డుకి రమ్మని కబురొచ్చింది. రామమోహనరావు బల్ల దగ్గర కూర్చుని ఉన్నాడు. కాగితం చేతికిచ్చి, కొర్నేలికి ఇంగ్లీషు అంతగా రాదని గుర్తొచ్చి, మళ్లీ తనే తీసుకుని తెలుగులో చెప్పాడు.

"పదికి పదీ నిలిచాయి. మిగతా ప్లేట్లు ఎక్కడివక్కడ ఉంచవచ్చునని రాశాను. కారణం కూడా రాశాను. ఈ మార్కరు తన తప్పు తనే బయటపెట్టాడు, కనుక అతని తక్కిన గుర్తులు నమ్మదగినవి."

కొర్నేలి రెండు చేతులతో ముఖం కప్పుకున్నాడు. ఇన్‌స్పెక్టర్ అతను తేరుకునే దాకా ఆగి, అదే గొంతుతో, "కింద ఇంకో వాక్యం ఉంది. చేప గుర్తు ఈ తేదీతో రద్దు. చూడకుండా కొట్టినవాడి చేతిలో పంచ్ ఉండకూడదు, అది నీకూ తెలుసు," అన్నాడు.

"తెలుసు సార్," అన్నాడు కొర్నేలి.

పంచ్ తిరిగి అతని చేతికే ఇచ్చారు. రద్దయిన గుర్తుని దాని యజమానే చెరపాలి, అది అక్కడి పద్ధతి. కొర్నేలి గ్రైండర్ ముందు నిలబడ్డాడు. నిప్పురవ్వలు లేచాయి. ముందు తోక పోయింది, తరువాత పొట్ట మీది గీత. చివరికి కన్ను. అప్పటికి ఆ కొస నున్నగా, అరిగిన నాణెంలా ఉంది. బయట నలభై ఒకటో ప్లేటు మీద ఎర్ర రంగు గీకేసి త్రిశూలం గుర్తు కొడుతున్న చప్పుడు వినిపించింది. పంచ్‌ని షెడ్డు బీరువాలో పెట్టి, మొపెడ్ తీసుకుని ఇంటికి వెళ్లిపోయాడు. మళ్లీ ఎప్పుడూ ఆ షెడ్డులో పనికి వెళ్లలేదు.

మరుసటేడు విశ్వకర్మ పూజ నాడు శంకరరావు మరోదా వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. ఏడాదిలో అతను ఆ ఇంటి గడప తొక్కడం అదే మొదలు.

"రా బావా," అన్నాడు. "ప్రసాదం తిందువు గాని." ఇంకేదో అనబోయి ఆగి, "నాకు సెప్పుకోడం సాత కాదు," అన్నాడు. కొర్నేలి చొక్కా వేసుకుని అతని వెనక బండెక్కాడు.

షెడ్డులో పటం ముందు పనిముట్లన్నీ ఎప్పటిలాగే ఉన్నాయి. సుత్తులు, కట్టర్లు, పంచ్‌లు. త్రిశూలానికీ నక్షత్రానికీ మధ్యన, కొస నున్నగా అరిగిపోయిన పంచ్ ఒకటి ఉంది. దానికీ కుంకం బొట్టు పెట్టారు, దానికీ బంతిపువ్వు వేశారు. బీరువాలోంచి దాన్ని ఎవరు తీశారో కొర్నేలి అడగలేదు. శంకరరావు నేల చూపులు చూస్తున్నాడు.

"తీసుకో బావా. నీదే. ఇంటికి పట్టుకెళ్లిపో."

కొర్నేలి నాలుగడుగులు వేశాడు. వంగి, పూలు కదలకుండా, పంచ్ చేతిలోకి తీసుకున్నాడు. కుంకం వేలికి అంటింది. వెనక ఎవరో దొన్నెలు పంచుతున్నారు, ఎవరో మైకు సరిచేస్తున్నారు, సేఠ్ కొబ్బరి ముక్కలు లెక్క చూసుకుంటున్నాడు. అతను తల తిప్పి అందరినీ చూశాడు. ఒక్కరూ అతని వంక చూడటం లేదు.

నిరుడు తీసినా ఎవరూ చూసి ఉండేవారు కాదు.